అమృతం 313 ఎపిసోడ్లు మన చేతికి రావాలంటే: డిస్కులు, రీజియన్ కోడ్లు, పాత సీడీల్లోంచి వీడియో తీయడం

సంక్రాంతికి కూచిపూడి వెళ్లినప్పుడు మా బాబాయ్ అటక మీద నుంచి ఒక పాత బిస్కెట్ల డబ్బా దించాడు. మూత తీస్తే లోపల 46 సీడీలు. ఒక్కోదాని మీద నల్ల మార్కర్‌తో "అమృ 12-9-04, 19-9-04" అన్నట్టు రెండేసి తేదీలు రాసి ఉన్నాయి. 2004లో విజయవాడ గవర్నర్‌పేటలో టీవీ ట్యూనర్ కార్డు కొని, ఇంట్లో ఉన్న పెంటియం 4లో పెట్టి, ఆదివారం రాత్రి జెమినీ టీవీలో అమృతం వచ్చే అరగంటా యాడ్స్‌తో సహా రికార్డ్ చేసి, వీసీడీలుగా రాసుకునేవాడట. కరెంటు పోయిన ఆదివారాలు లేవు, మిగతావి ఉన్నాయి.

"ఒరేయ్, ఇవన్నీ పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించు. నీకు ఈ పనులు వచ్చుగా."

"బాబాయ్, సీరియల్ మొత్తం యూట్యూబ్‌లో ఉంది. ఇప్పుడే పెట్టిస్తా చూడు."

"అందులో మన కేబుల్ వాడి స్క్రోలింగ్ రాదుగా" అన్నాడు.

ఆ స్క్రోలింగ్ సంగతి చివర్లో చెప్తాను. ముందు అసలు విషయం. మనకి బాగా ఇష్టమైన సిరీస్‌ని మొదటి ఎపిసోడ్ నుంచి ఆఖరిదాకా ఫిజికల్ మీడియాలో సొంతం చేసుకోవాలంటే ఏం చూసుకోవాలి, ఏది కొనాలి, ఏది కొనకూడదు, ఇంట్లో ఇప్పటికే ఉన్న పాత డిస్కుల్ని ఎలా కాపాడుకోవాలి అనేది ఈ ఆర్టికల్‌లో చూద్దాం. ఉదాహరణలు రెండే తీసుకుంటున్నా. ఒకటి మన అమృతం, రెండోది అమెరికా వాళ్ల ది ఆఫీస్. రెండూ పనిచేసే చోటు చుట్టూ తిరిగే కామెడీలే. అక్కడ పేపర్ కంపెనీ, ఇక్కడ అమృత విలాస్ హోటల్.

2005 తర్వాత పుట్టినవాళ్ల కోసం ఒక్క పేరా. అమృతం 2001 నవంబర్ 18న జెమినీలో మొదలై 2007 నవంబర్ 18న ముగిసింది. జస్ట్ ఎల్లో సంస్థ తరఫున గుణ్ణం గంగరాజు తీశారు. టైటిల్ పాట రాసింది సిరివెన్నెల, సంగీతం కల్యాణి మాలిక్. అమృతం పాత్రలో శివాజీరాజా, నరేష్, హర్షవర్ధన్ ఒకరి తర్వాత ఒకరు మారారు గానీ, ఆంజనేయులు మాత్రం మొదటి నుంచి చివరిదాకా గుండు హనుమంతరావే. ఆయన విజయవాడలో పుట్టినవాడే, 2018 ఫిబ్రవరిలో పోయారు. సర్వంగా వాసు ఇంటూరి, ఇంటి ఓనర్ అప్పాజీగా శివన్నారాయణ. మొత్తం 313 ఎపిసోడ్లు. సరదాకి క్యాలెండర్ చూసుకుంటే మొదటి, చివరి తేదీలు కలిపి ఆ ఆరేళ్లలో 314 ఆదివారాలు వస్తాయి. అంటే దాదాపు వారం తప్పకుండా వచ్చిందన్నమాట. ఇప్పటి ఓటీటీ సీజన్లు ఎనిమిదేసి ఎపిసోడ్లకే అలిసిపోతున్నాయి.

స్ట్రీమింగ్‌లో ఉండగా డిస్క్ ఎందుకు?

ఈ ప్రశ్న న్యాయమైనదే. నేనూ ఏళ్ల తరబడి ఇదే అడిగాను. జవాబు ది ఆఫీస్ విషయంలో దొరికింది. 2005 నుంచి 2013 దాకా 9 సీజన్లు, 201 ఎపిసోడ్లు వచ్చిన సిరీస్ అది. అమెరికాలో నెట్‌ఫ్లిక్స్‌కి అలవాటుపడిన జనం 2020 డిసెంబర్ ఆఖరుకి దాన్ని పోగొట్టుకున్నారు. 2021 జనవరి 1 నుంచి అది పీకాక్‌కి వెళ్లిపోయింది. అంతకుముందే, 2020 జూన్‌లో, తొమ్మిదో సీజన్‌లోని క్రిస్మస్ ఎపిసోడ్ నుంచి ఒక చిన్న సీన్ స్ట్రీమింగ్‌లో తీసేశారు. నల్లరంగు పూసుకున్న ఒక పాత్ర క్షణం సేపు కనిపించే సీన్ అది. తీయడం సబబా కాదా అనేది వేరే చర్చ, నా వరకు తీసినా కథకి వచ్చిన నష్టం లేదు. కానీ మనం చూస్తున్న కాపీ మనకి చెప్పకుండా మారిపోగలదు అన్న పాయింట్ మాత్రం నిజం. అదే ఏడాది నవంబర్‌లో పూర్తి సిరీస్ బ్లూ-రే సెట్ మార్కెట్లోకి వచ్చింది. కొన్నవాళ్ల అలమరలో అది ఇవాళ్టికీ కొన్నప్పటి రూపంలోనే ఉంది.

డిస్క్ అనగానే అది అసలు రూపమే అని కూడా గుడ్డిగా నమ్మకండి. డబ్ల్యూకేఆర్‌పీ ఇన్ సిన్సినాటి అని 1978-82 మధ్య వచ్చిన సిరీస్ ఉంది. రేడియో స్టేషన్‌లో జరిగే కామెడీ. కథలో ప్లే అయ్యే పాటలే దానికి ప్రాణం. 2007లో మొదటి సీజన్ డీవీడీ వచ్చేసరికి ఆ పాటల హక్కులకి ఖర్చు ఎక్కువని చాలావాటి బదులు వేరే మ్యూజిక్ పెట్టేశారు. చూసినవాళ్లు గోల పెట్టారు. 2014లో ఇంకో కంపెనీ పూర్తి సెట్ తెచ్చినప్పుడు ఆ పాటల్లో చాలా భాగం వెనక్కి వచ్చాయి. అందుకే "కంప్లీట్ సిరీస్" అనే మాట చూసి ఆర్డర్ పెట్టేయకుండా, ఏ ఏడాది ఎడిషన్, ఏ కంపెనీ తెచ్చింది, ఎపిసోడ్ నిడివి ఎంత అని చూడండి. నిడివి తగ్గిందంటే ఎక్కడో కత్తెర పడినట్టే.

మన యూట్యూబ్ ప్రీమియం డౌన్‌లోడ్ల సంగతి కూడా చెప్పాలి. చాలామంది ఫ్రెండ్స్ "డౌన్‌లోడ్ పెట్టుకున్నా, నా ఫోన్లో ఉంది" అంటారు. ఆ ఫైల్ యాప్ లోపల లాక్ అయి ఉంటుంది. బయటికి తీయలేం, నెలకోసారైనా నెట్‌కి కనెక్ట్ చేయకపోతే పనిచేయదు, సబ్‌స్క్రిప్షన్ ఆగితే పోతుంది. అద్దెకున్న ఇంట్లో పెయింట్ వేయించుకున్నట్టు.

కొనేముందు చూడాల్సినవి

విదేశాల నుంచి డిస్క్ సెట్ తెప్పించేవాళ్లు ఎక్కువగా దెబ్బతినేది రీజియన్ కోడ్ దగ్గర. డీవీడీల్లో అమెరికా రీజియన్ 1, ఇండియా రీజియన్ 5. బ్లూ-రేలో అమెరికా ఏ, ఇండియా సీ. అక్కడ ఉన్న అన్నయ్యో అక్కో ప్రేమగా తెచ్చిన డబ్బా ఇక్కడి ప్లేయర్‌లో పెడితే "రీజియన్ తప్పు" అని మెసేజ్ వచ్చి కూర్చుంటుంది. కంప్యూటర్ డీవీడీ డ్రైవ్‌లో రీజియన్ మార్చుకోవచ్చు గానీ ఐదుసార్లే, ఆ తర్వాత చివరిగా పెట్టిన దాని మీదే లాక్ అయిపోతుంది. కొన్ని బ్లూ-రే సెట్లకి రీజియన్ లాక్ ఉండదు, అది డబ్బా వెనక రీజియన్ గుర్తు దగ్గర చూసుకోవాలి. 4కే అల్ట్రా హెచ్‌డీ బ్లూ-రేలకైతే రీజియన్ గొడవే లేదు. పైగా అమెరికా డీవీడీ ఎన్‌టీఎస్‌సీ, మన పాత పరికరాలు పాల్. ఇప్పటి టీవీలు రెండూ చూపిస్తాయి, పాత సీఆర్‌టీ టీవీకి కలిపితేనే సమస్య.

రెండో విషయం ప్లేయర్. ఎల్‌జీ 2024 చివర్లో బ్లూ-రే ప్లేయర్ల తయారీ ఆపేసింది. రికార్డబుల్ బ్లూ-రే డిస్కుల తయారీ ఆపుతున్నట్టు 2025 జనవరిలో సోనీ ప్రకటించింది. వేరే కంపెనీల డిస్కులు, డ్రైవులు ఇంకా దొరుకుతున్నాయి, కంగారు లేదు. కానీ సెట్ కొన్నవాళ్లు డ్రైవ్ కూడా ఇప్పుడే కొనిపెట్టుకోవడం మంచిది. డిస్క్ ఉండి డ్రైవ్ లేకపోతే అది టీ కప్పు కింద పెట్టుకోవడానికి తప్ప పనికిరాదు.

మరి అమృతం? నేను ఎంత వెతికినా అధికారిక పూర్తి సెట్ నా చేతికి రాలేదు. వెతుకులాటలో తగిలిన దెబ్బ మాత్రం ఒకటుంది. ఒక ఆన్‌లైన్ అమ్మకందారు దగ్గర "అమృతం ఆల్ ఎపిసోడ్స్ ఒరిజినల్ హెచ్‌డీ" అని చూసి ఆశపడి డబ్బులు కట్టాను. వచ్చింది పేరు లేని 64 జీబీ పెన్‌డ్రైవ్. అందులో యూట్యూబ్ నుంచి లాగిన ఫైళ్లు, వాటిలో 40కి పైగా రిపీట్, 200 దాటాక ఎపిసోడ్లే లేవు. అది పైరసీ అని తెలిసేసరికే డబ్బు పోయింది, వెనక్కి అడగడానికి మొహం చెల్లలేదు. "హెచ్‌డీ" అన్న మాట దగ్గరే నాకు అనుమానం రావాల్సింది. అమృతం ప్రసారమైంది పాల్ స్టాండర్డ్‌లో. అంటే 576 గీతల బొమ్మ. దాన్ని 1080కి సాగదీయొచ్చు గానీ లేని వివరం పుట్టదు.

ఒకప్పుడు మన దగ్గర అసలు డిస్కులు చవగ్గానే దొరికేవి. మోసర్ బేర్ 2007 ప్రాంతంలో వీసీడీ 28 రూపాయలకి, డీవీడీ 34 రూపాయలకి అమ్మడం మొదలుపెట్టింది. తెలుగు సినిమాలు కూడా ఆ రేటుకే వచ్చాయి. పైరసీ సీడీ కన్నా ఒరిజినల్ చవకైన విచిత్రమైన కాలం అది. తర్వాత ఆ కంపెనీయే దివాలా ప్రక్రియలోకి వెళ్లి 2018లో లిక్విడేషన్‌కి చేరింది. ఆ నాటి డిస్కులు మీ ఇంట్లో ఉంటే పారేయకండి.

313 ఎపిసోడ్లకి ఎన్ని డిస్కులు పడతాయి?

ఇక్కడ కొంచెం లెక్క చేద్దాం, ఎందుకంటే ఇది ఏ సిరీస్‌కైనా పనికొస్తుంది. యాడ్స్ తీసేస్తే ఎపిసోడ్ సుమారు 22 నిమిషాలు అనుకుందాం. అంటే 1,320 సెకన్లు.

వీసీడీలో అయితే 80 నిమిషాల సీడీకి మూడు ఎపిసోడ్లు. 313కి 105 సీడీలు. రెజల్యూషన్ 352 బై 288 మాత్రమే.

డీవీడీలో ఎంపెగ్-2 వీడియో సెకనుకి 5 మెగాబిట్లు అనుకుంటే ఒక ఎపిసోడ్ 825 ఎంబీ. మామూలు 4.7 జీబీ డిస్కులో ఐదు, 8.5 జీబీ డ్యూయల్ లేయర్‌లో పది పడతాయి. అంటే 63 లేదా 32 డిస్కులు. ఇందుకే ఆరేళ్లు నడిచిన సీరియల్‌ని డీవీడీ సెట్‌గా తేవాలంటే ఏ కంపెనీ అయినా వెనకాడుతుంది. డబ్బా సైజే భయపెడుతుంది.

అదే బొమ్మని 576 గీతల్లోనే ఉంచి, హెచ్.264లో 2 మెగాబిట్లకి కుదిస్తే ఎపిసోడ్ 330 ఎంబీ. 25 జీబీ బ్లూ-రే ఒక్కదానిలో 75 ఎపిసోడ్లు! మొత్తం అమృతం 5 డిస్కుల్లో సరిపోతుంది. బ్లూ-రే అంటే హెచ్‌డీయే ఉండాలని రూలేం లేదు, స్టాండర్డ్ డెఫినిషన్ వీడియోని కూడా ఆ ఫార్మాట్ ఒప్పుకుంటుంది. నన్నడిగితే పాత తెలుగు సీరియళ్లకి సరైన దారి ఇదే. ఏఐ అప్‌స్కేలింగ్‌తో మొహాలన్నీ మైనపు బొమ్మల్లా చేసి 4కే అని అమ్మడం కన్నా, ఐదు డిస్కుల్లో ఉన్నది ఉన్నట్టు ఇస్తే నేను మొదటి రోజే కొంటాను.

బాబాయ్ డబ్బా: పాత సీడీల నుంచి వీడియో ఎలా తీశాను

ఇప్పుడు ప్రాక్టికల్ పార్ట్. కూచిపూడి పొలాల మధ్య ఉన్న ఊరు, సముద్రం కూడా మరీ దూరం కాదు. గాలిలో తేమ ఎక్కువ. ఇరవై ఏళ్లు అటక మీద, వేసవిలో రేకు డబ్బాలో ఉన్న సీడీ-ఆర్‌లు ఎలా ఉంటాయో ఊహించుకోండి. ఫ్యాక్టరీలో అచ్చేసిన డిస్కులో డేటా గుంటల రూపంలో ఉంటుంది. మనం ఇంట్లో రాసుకునే సీడీ-ఆర్‌లో అది ఒక సన్నటి రంగు పొరలో ఉంటుంది, ఎండకీ వేడికీ ఆ రంగు పాడవుతుంది. పైగా సీడీలో డేటా పొర ఉండేది లేబుల్ వైపు, లక్క పూతకి సరిగ్గా కింద. అందరం మెరిసే వైపు గీతలు పడకుండా జాగ్రత్తపడతాం, నిజానికి లేబుల్ వైపు పడిన గీతే ప్రాణాంతకం. డీవీడీలో ఆ పొర రెండు ప్లాస్టిక్ పలకల మధ్యలో ఉంటుంది కాబట్టి కాస్త భద్రం.

కడగడం: గోరువెచ్చని నీళ్లు, ఒక చుక్క డిష్‌వాష్ లిక్విడ్, మెత్తటి మైక్రోఫైబర్ గుడ్డ. మధ్య నుంచి అంచుకి నిలువుగా తుడవాలి, గుండ్రంగా తిప్పకూడదు. గుండ్రంగా గీత పడితే వరసగా ఉన్న డేటా మొత్తం పోతుంది, అడ్డంగా పడితే ప్లేయర్ సర్దుకుంటుంది. పెట్రోల్, థిన్నర్, టూత్‌పేస్ట్ జోలికి వెళ్లొద్దు. ఆ యూట్యూబ్ చిట్కాలు చేసేవాళ్లకి వ్యూస్ వస్తాయి, మనకి డిస్క్ పోతుంది.

రీడ్ చేయడం: ల్యాప్‌టాప్‌కి పెట్టుకునే సన్నటి యూఎస్‌బీ డీవీడీ రైటర్‌తో మొదలుపెట్టాను. ఇక్కడ మూడు రోజులు వృథా చేసిన తప్పు చెప్తాను, మీరు చేయకండి. పాడైన డిస్కులకి అందరూ డీడీరెస్క్యూ వాడమంటారు. అది మంచి టూల్. చదవగలిగినది ముందు చదివేసి, కష్టమైన చోట్లకి తర్వాత వెనక్కి వస్తుంది. కానీ వీసీడీల మీద అది నేరుగా పనిచేయదు. మామూలు డేటా సీడీలో ఒక్కో సెక్టార్‌లో 2,048 బైట్ల డేటా ఉంటుంది. వీసీడీలో వీడియో సెక్టార్‌కి 2,324 బైట్లు. తప్పులు సరిదిద్దడానికి వాడే అదనపు చోటుని కూడా వీడియోకే ఇచ్చేశారన్నమాట. అందుకే 700 ఎంబీ సీడీలో 800 ఎంబీ దాకా వీడియో పడుతుంది, అందుకే చిన్న గీతకి కూడా వీసీడీలో బొమ్మ గళ్లుగళ్లుగా చెదిరిపోతుంది. డేటా సెక్టార్లు అనుకుని చదివే టూల్‌కి అక్కడ అన్నీ ఎర్రర్లే. వీసీడీ అని గుర్తుపట్టి చదివే టూల్ కావాలి. విండోస్‌లో ఐసోబస్టర్, లినక్స్‌లో సీడీఆర్‌డావో లేదా వీసీడీఎక్స్‌రిప్ పనిచేస్తాయి. టూల్‌లో ఆప్షన్ ఉంటే స్పీడ్ తగ్గించండి. 4ఎక్స్‌లో చదివినవి 24ఎక్స్‌లో చదవలేదు.

46లో 31 డిస్కులు పూర్తిగా వచ్చాయి. 9 సగం సగం. 6 అసలు లోపల డిస్క్ ఉన్నట్టే గుర్తించలేదు. అప్పుడు ఫ్రెండ్ దగ్గర పాత డెస్క్‌టాప్ డ్రైవ్ ఒకటి, విడిగా పవర్ ఇచ్చే యూఎస్‌బీ అడాప్టర్‌తో తెచ్చాను. అది సన్నటి డ్రైవ్ వదిలేసిన ఆరులో నాలుగు చదివింది. కాబట్టి ఒక డ్రైవ్ "లేదు" అన్నంత మాత్రాన డిస్క్ చచ్చిపోయిందనుకోకండి. లేజర్‌లు మనుషుల్లాంటివే, ఒకరికి అర్థం కాని చేతిరాత ఇంకొకరు చదివేస్తారు.

వచ్చిన ఎంపెగ్ ఫైళ్లని మళ్లీ కంప్రెస్ చేయకుండా అలాగే ఉంచాను. ఫోన్లో చూడ్డానికి విడిగా హ్యాండ్‌బ్రేక్‌తో చిన్న కాపీలు. ప్రతి ఫైల్‌కి షా-256 చెక్‌సమ్ తీసి ఒక టెక్స్ట్ ఫైల్‌లో పెట్టాను. విండోస్‌లో సర్ట్‌యూటిల్ అనే కమాండ్ ఇందుకు ముందే ఉంటుంది, వేరే ఏదీ ఇన్‌స్టాల్ చేయక్కర్లేదు. ఐదేళ్ల తర్వాత ఫైల్ చెక్కుచెదరకుండా ఉందో లేదో ఆ నంబర్ చెప్తుంది.

పెన్‌డ్రైవ్ అడిగాడుగా బాబాయ్, చూసుకోవడానికి ఇచ్చాను. దాచుకోవడానికి కాదు. ఫ్లాష్ మెమరీలో డేటా అంటే చిన్న చిన్న సెల్స్‌లో ఉండే చార్జ్, కరెంటు లేకుండా ఏళ్లపాటు డ్రాయర్‌లో పడేస్తే అది మెల్లగా కారిపోతుంది. దాచడానికి ఒక ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్క్, రెండు బ్లూ-రే డిస్కులు. బ్లూ-రే కొనేటప్పుడు ఎల్‌టీహెచ్ అని రాసి ఉన్నవి వద్దు, అవి కూడా పాత సీడీ-ఆర్‌ల లాగా రంగు పొర మీదే ఆధారపడతాయి. మామూలు బీడీ-ఆర్‌లు, ఎం-డిస్కులు రంగు కాని పదార్థంతో చేస్తారు. కాపీలన్నీ ఒకే ఇంట్లో పెట్టకండి. 2024 సెప్టెంబర్ మొదట్లో బుడమేరు పొంగి సింగ్‌నగర్ మునిగినప్పుడు గ్రౌండ్ ఫ్లోర్‌లో ఉన్నవాళ్ల ఫొటో ఆల్బమ్‌లు, కంప్యూటర్లు ఎలా పోయాయో విజయవాడ వాళ్లకి చెప్పనక్కర్లేదు. మా కాపీ ఒకటి కూచిపూడిలో, ఒకటి నా దగ్గర.

చట్టం సంగతి కూడా ఒక ముక్క. 1957 కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో సొంత వాడకానికి ఫెయిర్ డీలింగ్ మినహాయింపు ఉంది. దాని పేరు చెప్పి కాపీలు తీసి అమ్మడం, టెలిగ్రామ్ గ్రూప్‌లో పెట్టడం కుదరదు. కొన్న డిస్కుల మీద ఉండే లాక్‌ల గురించి 2012 సవరణలో 65ఏ అనే సెక్షన్ వచ్చింది, హక్కులు ఉల్లంఘించే ఉద్దేశంతో లాక్ తీస్తే నేరం. బాబాయ్ ఫైళ్లు పంపమని కామెంట్స్‌లో అడగొద్దు, పంపను. సీరియల్ చూడాలంటే నిర్మాతల యూట్యూబ్ చానల్ ఉంది.

ఇక ఆ స్క్రోలింగ్. అప్పట్లో మా ఊళ్లో కేబుల్ ఆపరేటర్ ఏ చానల్ మీదైనా కింద తన సొంత అక్షరాలు నడిపించేవాడు. కేబుల్ బిల్లు కట్టమని, ఫలానా వారి ఇంట పెళ్లికి శుభాకాంక్షలని, కాలవకి నీళ్లు వదులుతున్నారని. 31 డిస్కుల్లో అవన్నీ ఉన్నాయి, అమృతం డైలాగుల కింద మా ఊరి రెండేళ్ల వార్తలు నడుస్తూ కనిపిస్తాయి. బాబాయ్‌కి కావాల్సింది వాటిలో ఒక్కటే. 2005లో మా తాతయ్య పోయినప్పుడు, పదకొండో రోజు భోజనాలకి ఊరందరినీ పిలుస్తూ ఆపరేటర్ డబ్బులు తీసుకోకుండా వేసిన స్క్రోల్ అది. ఆ ఆదివారం డిస్క్ అసలు గుర్తించని ఆరింటిలో ఉంది.

పాత డెస్క్‌టాప్ డ్రైవ్‌లో పెట్టి రాత్రి పదిన్నరకి వదిలేశాను. తెల్లారి చూస్తే రెండు ఎపిసోడ్లలో మొదటిది పూర్తిగా పోయింది. రెండోది పదిహేడు నిమిషాల దాకా వచ్చింది. బొమ్మ గళ్లు గళ్లుగా ఉంది, ఆంజనేయులు మొహం సగం ఆకుపచ్చ చతురస్రాలు. కింద అక్షరాలు మాత్రం నడుస్తున్నాయి. తాతయ్య పేరు, ఇంటి పేరుతో సహా, నాలుగుసార్లు వెళ్లింది. బాబాయ్ పాజ్ చేయమన్నాడు. తర్వాత పిన్నిని పిలిచి, మళ్లీ మొదటి నుంచి పెట్టమన్నాడు.

మిగిలిన రెండు డిస్కులకి ఇంకో డ్రైవ్ కోసం చూస్తున్నాను. పదిహేనేళ్ల నాటి డెస్క్‌టాప్ సీడీ రైటర్ పనిచేసే స్థితిలో ఎవరి దగ్గరైనా ఉంటే, ఏ మోడల్‌తో పాడైన వీసీడీలు బాగా చదివాయో కింద చెప్పండి.